ఒక రైఫిల్, నాలుగు తూటాలు: లీ-ఎన్‌ఫీల్డ్‌లో క్యాలిబర్ల పోలిక

7.1 పరిచయం

ఎన్‌సీసీలో ఉన్నవారికి ‘త్రీ నాట్ త్రీ’ అనే మాట కొత్త కాదు. కవాతులో పట్టుకొనే బరువైన చెక్క మడమ రైఫిల్‌ను ఆ పేరుతోనే పిలుస్తారు. ఎన్‌సీసీతో పరిచయం లేనివారు కూడా ట్రెజరీ దగ్గరో, పోలీసు ఠాణా ముందో నిలబడ్డ సెంట్రీ భుజాన దాన్ని చూసే ఉంటారు. నిజానికి అది రైఫిల్ పేరు కాదు. అందులో పెట్టే తూటా కొలత. రైఫిల్ పేరు లీ-ఎన్‌ఫీల్డ్. దాని యంత్రాంగాన్ని రూపొందించిన జేమ్స్ ప్యారిస్ లీ పేరు, బారెల్ లోపలి గాడులకు రూపమిచ్చిన ఇంగ్లండ్‌లోని ఎన్‌ఫీల్డ్ ఆయుధ కర్మాగారం పేరు కలిసి ఆ పేరు వచ్చింది. మన దేశంలో వాడిన లీ-ఎన్‌ఫీల్డ్‌లలో చాలా భాగం పశ్చిమ బెంగాల్‌లోని ఇషాపూర్ రైఫిల్ కర్మాగారంలో తయారయ్యాయి. ఆ కర్మాగారాన్ని 1904లో నెలకొల్పారు.

ఇషాపూర్‌లో ఈ ఒక్క నమూనానే నాలుగు వేర్వేరు తూటాలకు అనుగుణంగా తయారుచేశారు. అవి .303, 7.62, .410, .315. నాలుగింటినీ పక్కపక్కన నిలబెడితే, చూడగానే ఒకే కుటుంబానికి చెందినవని తెలుస్తుంది. అయినా వాటిని ఎవరు మోశారు, ఎవరు కొనగలిగారు, ఎవరు కొనకూడదు అన్న విషయాల్లో ఒకదానికీ మరొకదానికీ పోలిక లేదు. ఆ తేడాలన్నీ తూటా దగ్గరే మొదలయ్యాయి.

ఈ యూనిట్ చదివిన తర్వాత క్యాలిబర్ అనే అంకె ఏం చెబుతుందో, ఏం చెప్పదో మీరు వివరించగలుగుతారు. రెండు తూటాల గతిశక్తిని, ద్రవ్యవేగాన్ని లెక్కగట్టి పోల్చగలుగుతారు. ‘వీటిలో ఏది మంచిది?’ అని ఎవరైనా అడిగితే, ‘ఏ పనికి?’ అని ఎందుకు ఎదురు ప్రశ్న వేయాలో కూడా చెప్పగలుగుతారు.

7.2 అంకె వెనక ఏముంది?

ముందుగా రెండు మాటలను వేరుచేసుకుందాం. వాడుకలో తూటా, బుల్లెట్ అనే మాటలను ఒకే అర్థంలో వాడతాం. ఈ యూనిట్‌లో మాత్రం బారెల్ నుంచి బయటికి దూసుకుపోయే లోహపు ముక్కను బుల్లెట్ అంటాం. బుల్లెట్, దాని వెనక ఉండే మందు, మందును నింపిన ఇత్తడి గొట్టం, ఆ గొట్టం అడుగున నిప్పు పుట్టించే ప్రైమర్, ఈ నాలుగూ కలిసిన వస్తువు తూటా. ఇత్తడి గొట్టాన్ని కేసు అంటారు. పేల్చిన తర్వాత నేలమీద పడేది కేసు మాత్రమే.

రైఫిల్ బారెల్ లోపల మరచుట్టులాగా గాడులు చెక్కి ఉంటాయి. బుల్లెట్ ఆ గాడుల్లో ఇరుక్కొని తిరుగుతూ బయటికి వస్తుంది. బొంగరం తిరుగుతున్నంతసేపు నిలబడినట్టే, తిరిగే బుల్లెట్ కూడా గాలిలో పల్టీలు కొట్టకుండా మొన ముందుకు పెట్టుకొని పోతుంది. ఇప్పుడు ఒక ప్రశ్న. బారెల్ లోపలి వ్యాసాన్ని ఎక్కడ కొలవాలి? గాడుల మధ్య ఉన్న గట్ల మీదనా, గాడుల అడుగునా? .303 అనేది గట్ల మీద కొలిచిన వ్యాసం. అంగుళంలో వెయ్యికి 303 వంతులు, అంటే 7.70 మి.మీ. బుల్లెట్ మాత్రం గాడుల అడుగు దాకా నిండాలి కాబట్టి దాని అసలు వ్యాసం సుమారు .311 అంగుళాలు, అంటే 7.90 మి.మీ. అదే విధంగా 7.62 మి.మీ. తూటాలోని బుల్లెట్ వ్యాసం 7.82 మి.మీ.

అంకెతో ఇంకో చిక్కు కూడా ఉంది. కలాష్నికోవ్ రైఫిల్ తూటా కూడా 7.62 మి.మీ.దే. కానీ దాని కేసు పొడవు 39 మి.మీ. భారత సైన్యం సెల్ఫ్ లోడింగ్ రైఫిల్‌లో వాడిన 7.62 తూటా కేసు పొడవు 51 మి.మీ. ఒకదాన్ని మరొకదానికోసం చేసిన రైఫిల్‌లో వాడలేం. అందుకే తూటాను సరిగా గుర్తించడానికి 7.62×51 అని రెండు అంకెలూ రాస్తారు. ఆ లెక్కన .303ను 7.7×56 అనాలి. దినపత్రికల్లో ‘7.62 రైఫిల్ స్వాధీనం’ అన్న వార్త చదివినప్పుడు, అది ఏ రైఫిలో ఆ ఒక్క అంకెతో మనకు తెలియదు.

7.3 .303: అంచు ఉన్న తూటా

బ్రిటిష్ సైన్యం .303 తూటాను 1888లో చేపట్టింది. మొదట్లో అందులో నల్లమందునే వాడారు. కొన్నేళ్లకే పొగ తక్కువగా వచ్చే కార్డైట్ అనే మందు వచ్చింది. ఇది ఎక్కువ వేడితో మండేది. అప్పటి లీ-మెట్‌ఫోర్డ్ రైఫిల్ బారెల్‌లోని లోతు తక్కువ గాడులు ఆ వేడికి త్వరగా అరిగిపోయాయి. 1895లో ఎన్‌ఫీల్డ్‌లో రూపొందించిన లోతైన గాడులు వాటి స్థానంలోకి వచ్చాయి. రైఫిల్ పేరులో మెట్‌ఫోర్డ్ పోయి ఎన్‌ఫీల్డ్ చేరడానికి కారణం ఇదే. తూటాలోని మందు మారితే రైఫిల్ పేరే మారిపోయిందన్న సంగతిని గుర్తుపెట్టుకోండి. ఇకముందు కూడా మార్పు తూటా వైపు నుంచే వస్తుంది.

ఈ తూటా చరిత్రలో కోల్‌కతా పక్కనున్న డమ్‌డమ్‌కు ఒక చోటుంది. 1857 జనవరిలో, కొవ్వు పూసిన తూటాల గురించి సిపాయిల్లో వదంతి పుట్టింది అక్కడే. అవి పాత ఎన్‌ఫీల్డ్ రైఫిల్ కోసం కాగితంలో చుట్టిన తూటాలు. నలభై ఏళ్ల తర్వాత అదే డమ్‌డమ్ ఆయుధశాలలో .303 బుల్లెట్ మొనమీద లోహపు తొడుగును తీసేసి, లోపలి సీసం బయటికి కనిపించేలా తయారుచేశారు. శరీరాన్ని తాకగానే ఆ మొన పువ్వులా విచ్చుకొని ఘోరమైన గాయం చేసేది. ఇలా విచ్చుకొనే బుల్లెట్లను యుద్ధంలో వాడరాదని 1899 హేగ్ సమావేశంలో ప్రకటించారు. ‘డమ్‌డమ్ బుల్లెట్’ అనే మాట మాత్రం ప్రపంచ భాషల్లో నిలిచిపోయింది.

క్యాలిబర్ మారకపోయినా బుల్లెట్ మారుతూ వచ్చిందని దీన్నిబట్టి మీరు గ్రహించాలి. 1910కి ముందు వాడిన ఆరో రకం తూటాలో మొన గుండ్రంగా ఉండే 13.9 గ్రాముల బుల్లెట్ ఉండేది. అది సెకనుకు సుమారు 630 మీటర్ల వేగంతో వెలువడేది. 1910లో వచ్చిన ఏడో రకంలో బుల్లెట్ మొన సూదిగా మారింది, బరువు 11.3 గ్రాములకు తగ్గింది, వేగం సెకనుకు 744 మీటర్లకు పెరిగింది. రెండూ .303లే. పైగా ఏడో రకం బుల్లెట్‌లో లోహపు తొడుగు కింద మొన భాగంలో సీసానికి బదులు అల్యూమినియం వంటి తేలిక పదార్థం నింపారు. దాంతో బరువంతా తోక వైపు చేరింది. గాలిలో స్థిరంగా పోయే ఈ బుల్లెట్ శరీరంలోకి దిగాక తోక ముందుకు వచ్చేలా తిరగబడి గాయాన్ని పెద్దది చేసేది. మొనకు పూర్తి తొడుగు ఉంది కాబట్టి హేగ్ ప్రకటనలోని అక్షరానికి భంగం లేదు. దాని ఉద్దేశానికి ఏమైందో మీరే ఆలోచించండి.

ఇక అంచు సంగతి. .303 కేసు అడుగున బిళ్లలా వెడల్పైన అంచు ఉంటుంది. తూటా ఛాంబర్‌లోకి ఎంతవరకు వెళ్లి ఆగాలన్నది ఏ రైఫిల్‌కైనా ప్రాణంలాంటి కొలత. లోతుగా వెళ్లిపోతే పిన్ను ప్రైమర్‌ను సరిగా తాకదు, లేదా పేలినప్పుడు ఇత్తడి సాగి చీలిపోతుంది. .303లో ఈ పని అంచు చేస్తుంది. అంచు ఛాంబర్ మూతికి తట్టుకొని ఆగిపోతుంది కాబట్టి, మిగతా ఛాంబర్‌ను కొంచెం వదులుగా చేసినా ఫరవాలేదు. బురద, ఇసుక పడినా తూటా ఇరుక్కోదు. 19వ శతాబ్దపు కర్మాగారాలకు ఇది గొప్ప సదుపాయం.

దీనికి చెల్లించిన మూల్యం మ్యాగజైన్‌లో కనిపిస్తుంది. తూటాలను ఒకదానిమీద ఒకటి పేర్చేటప్పుడు పై తూటా అంచు కింది తూటా అంచుకు ముందు ఉండాలి. వెనక పడిందంటే రెండూ చిక్కుకొని బోల్ట్ ముందుకు కదలదు. బోల్ట్‌ను చేత్తో లాగి నెట్టే రైఫిల్‌లో శిక్షణ పొందిన సైనికుడు దీన్ని సరిచూసుకోగలడు. తనంతట తాను తూటాలను లాక్కొనే మెషిన్‌గన్‌లో అది పెద్ద తలనొప్పి. .303 బ్రెన్‌గన్ మ్యాగజైన్ అరటిపండులా వంగి ఉండటానికి కారణం ఈ అంచులే.

బ్రిటిష్‌వారికి ఈ లోపం తెలియదా? తెలుసు. అంచు లేని, మరింత వేగమైన .276 తూటాను రూపొందించి 1913లో కొత్త రైఫిల్‌తో పరీక్షలు కూడా జరిపారు. 1914లో మొదటి ప్రపంచ యుద్ధం మొదలైంది. కోట్ల కొద్దీ .303 తూటాలు తయారుచేసే యంత్రాలను ఆపి కొత్త కొలతకు మార్చడానికి అది సమయం కాదు. ఆ కొత్త రైఫిల్‌నే మళ్లీ .303కు మార్చి తయారుచేశారు. తాత్కాలికమనుకున్న .303 ఇంకో నలభై ఏళ్లు బతికింది. మన దేశంలో పుణె దగ్గరి ఖడ్కీ కర్మాగారంలో దీన్ని దశాబ్దాలపాటు తయారుచేశారు.

7.4 7.62: అంచు లేని తూటా

రెండో ప్రపంచ యుద్ధం తర్వాత నాటో దేశాలన్నీ ఒకే తూటా వాడాలనుకున్నాయి. బ్రిటన్ తన .280 తూటాను ముందుకు తెచ్చినా అమెరికా ఒప్పుకోలేదు. చివరికి అమెరికా ప్రతిపాదించిన 7.62×51 ప్రమాణంగా స్థిరపడింది. దీనికి అంచు లేదు. కేసు భుజం ఛాంబర్‌లోని వాలుకు తట్టుకొని తూటా ఆగుతుంది. మెరుగైన మందు వాడటంవల్ల కేసు .303 కంటే 5 మి.మీ. పొట్టిగా ఉన్నా శక్తి తగ్గలేదు. తూటా పొట్టిదైతే స్వయంచాలక తుపాకీలో కదిలే భాగాలు ప్రయాణించే దూరం తగ్గుతుంది.

ఇప్పుడు లెక్క చేద్దాం. గతిశక్తి అంటే ద్రవ్యరాశిలో సగాన్ని వేగం వర్గంతో గుణించగా వచ్చేది. ద్రవ్యవేగం అంటే ద్రవ్యరాశిని వేగంతో గుణించగా వచ్చేది. .303 ఏడో రకం బుల్లెట్‌కు ద్రవ్యరాశి 0.0113 కిలోలు, వేగం 744 మీ/సె. గతిశక్తి సుమారు 3130 జౌళ్లు. ద్రవ్యవేగం 8.4 కి.గ్రా.మీ/సె. 7.62×51 సాధారణ బుల్లెట్‌కు ద్రవ్యరాశి 0.0095 కిలోలు, వేగం సుమారు 840 మీ/సె. గతిశక్తి సుమారు 3350 జౌళ్లు. ద్రవ్యవేగం 8.0.

ఫలితాన్ని ఒకసారి నిదానంగా చూడండి. 7.62లో శక్తి సుమారు 7 శాతం ఎక్కువ. ద్రవ్యవేగం మాత్రం సుమారు 5 శాతం తక్కువ. శక్తి పెరిగితే భుజానికి తగిలే దెబ్బ కూడా పెరగాలి కదా అని చాలామంది అనుకుంటారు. దెబ్బను నిర్ణయించేది ద్రవ్యవేగం. ముందుకు పోయే బుల్లెట్‌కు ఎంత ద్రవ్యవేగం ఉంటే, రైఫిల్‌కు వెనక్కి అంతే ఉంటుంది. 4 కిలోల రైఫిల్ అనుకుంటే .303తో అది సెకనుకు 2.1 మీటర్ల వేగంతో, 7.62తో 2 మీటర్ల వేగంతో వెనక్కి తంతుంది. బయటికి చిమ్మే వాయువుల వాటా కలిపితే రెండు అంకెలూ ఇంకొంత పెరుగుతాయి. ఏమైనా మోసేవాడి భుజానికి ఈ రెండు తూటాల మధ్య చెప్పుకోదగ్గ తేడా తెలియదు.

వేగంలోని తేడా మాత్రం గురి విషయంలో తెలుస్తుంది. గాలి నిరోధాన్ని వదిలేస్తే, 200 మీటర్లు పోవడానికి .303 బుల్లెట్‌కు 0.27 సెకన్లు పడుతుంది. ఆలోగా అది 35 సెం.మీ. కిందికి దిగుతుంది. 7.62కు 0.24 సెకన్లు చాలు, దిగేది 28 సెం.మీ. ఏడు సెంటీమీటర్ల తేడా అది. పాత గురిపట్టెను కొత్త తూటాకు అలాగే ఉంచేస్తే ఆ మేరకు గురి తప్పుతుంది. దూరం పెరిగేకొద్దీ తప్పు కూడా పెరుగుతుంది.

ఇక మన దేశం సంగతికి వద్దాం. 1962లో చైనాతో యుద్ధం జరిగినప్పుడు మన పదాతి సైనికుల చేతిలో ఉన్నది .303. ఆ దశకంలోనే 7.62×51 వాడే సెల్ఫ్ లోడింగ్ రైఫిల్ ఇషాపూర్‌లో తయారుకావడం మొదలైంది. కానీ లక్షల మందికి కొత్త రైఫిల్ ఒక్కసారిగా అందించలేరు. ఈలోగా ఒక దళం దగ్గర .303, పక్క దళం దగ్గర 7.62 ఉంటే సరఫరా ఏమవుతుంది? కొండదారిలో కంచరగాడిదల మీద పెట్టెలు చేరవేసేవాడు రెండు రకాల పెట్టెలు మోయాలి. తప్పు పెట్టె చేరిన దళం చేతిలో తూటాలున్నా పేల్చలేదు. ఇషాపూర్ ఇంజినీర్లు కనుగొన్న మార్గం, పాత లీ-ఎన్‌ఫీల్డ్‌నే కొత్త తూటాకు మలచడం. అలా వచ్చినవే 2ఏ, ఆ తర్వాత 2ఏ1 రైఫిళ్లు. 7.62 తూటాల కోసం మహారాష్ట్రలోని వరణ్‌గావ్‌లో 1964లో ఒక కర్మాగారం కూడా మొదలైంది.

పైకి చూస్తే ఇది బారెల్ మార్చినంత తేలిక పనిలా ఉంటుంది. అసలు కష్టం లోపలుంది. .303 తూటా పేలినప్పుడు కేసులో పుట్టే పీడనానికి యూరోపియన్ ప్రమాణం పెట్టిన గరిష్ఠ పరిమితి 365 మెగాపాస్కల్‌లు. 7.62×51కు అది 415. దాదాపు 14 శాతం ఎక్కువ. లీ-ఎన్‌ఫీల్డ్‌లో బోల్ట్‌ను బిగించి పట్టే లంకెలు వెనక వైపున ఉంటాయి. మౌజర్ రైఫిల్‌లో అవి ముందువైపున, తూటాకు ఆనుకొని ఉంటాయి. వెనక లంకెల వల్ల బోల్ట్‌ను వేగంగా ఆడించవచ్చు. లీ-ఎన్‌ఫీల్డ్‌కు ఆ పేరుంది. కానీ పేలిన ప్రతిసారీ బోల్ట్ పొడవునా నొక్కుడుపడి, చుట్టూ ఉన్న ఉక్కు కాస్త సాగి, మళ్లీ యథాస్థితికి వస్తుంది. పీడనం పెరిగితే ఈ సాగుడు కూడా పెరుగుతుంది. కాబట్టి ఇషాపూర్‌లో పాత రైఫిళ్ల బారెల్ మార్చి ఊరుకోలేదు. మెరుగైన ఉక్కుతో కొత్త రైఫిళ్లే తయారుచేశారు. అంచు లేని కేసును పట్టి లాగేలా కొక్కేన్ని మార్చారు. అంచులు లేవు కాబట్టి మ్యాగజైన్ చతురస్రాకారంగా మారింది. 2ఏ1లో గురిపట్టె మీద 2000 గజాల పాత గుర్తులు పోయి 800 మీటర్ల వరకే గుర్తులు మిగిలాయి. నా ఉద్దేశంలో మొత్తం మార్పుల్లో ఇదే అత్యంత నిజాయితీ గలది. ఎందుకంటే రెండువేల గజాల దూరంలోని మనిషిని రైఫిల్‌తో ఎవరూ గురిచూసి కొట్టలేరు. ఆ గుర్తులు దళమంతా ఒకేసారి ఒక ప్రాంతం మీదికి కాల్చే కాలంనాటివి.

బ్రిటన్ కూడా తన తర్వాతి తరం లీ-ఎన్‌ఫీల్డ్‌ను 7.62కు మార్చింది. అయితే 1970లో దాన్ని స్వీకరించింది బరువైన బారెల్‌తో, స్నైపర్ల కోసం. ఒకే మార్పును రెండు దేశాలు రెండు అవసరాలకు చేశాయి. ఇక్కడ సరఫరా, అక్కడ గురి.

మీ ప్రగతిని తెలుసుకోండి – 1
గమనిక: జవాబును కింద ఇచ్చిన ఖాళీలో మీ సొంత మాటల్లో రాయండి.
.303 కోసం తయారైన పాత రైఫిల్‌కు కేవలం కొత్త బారెల్ బిగించి 7.62×51 తూటాలు వాడితే ఏ భాగాలపై భారం పెరుగుతుంది? ఎందుకు?
....................................................................
....................................................................

7.5 .410: కావాలనే తగ్గించిన తుపాకీ

ఇంతవరకు చూసిన మార్పు శక్తిని పెంచేది. ఇప్పుడు చూడబోయేది శక్తిని తగ్గించేది. ఇషాపూర్‌లో కొన్ని .303 రైఫిళ్ల బారెల్‌లో గాడులు లేకుండా నున్నగా చేశారు. .303 కేసునే మెడ సన్నబడకుండా నిటారుగా ఉంచి .410 అంగుళాల, అంటే 10.4 మి.మీ. తూటాగా మార్చారు. మ్యాగజైన్ చోట చెక్కదిమ్మ బిగించారు. పది తూటాలు పట్టే రైఫిల్ ఒక్కో తూటా చేత్తో పెట్టి పేల్చే తుపాకీ అయింది. దీన్ని రైఫిల్ అనకుండా మస్కెట్ అన్నారు. జైలు కాపలాదారులకు, పోలీసులకు ఇచ్చారు.

కష్టపడి చెక్కిన గాడులను ఎవరైనా ఎందుకు వదులుకుంటారు? ఒక కారణం అర్థం చేసుకోదగ్గదే. .303 బుల్లెట్ గురి తప్పినా కిలోమీటరు అవతల కూడా ప్రాణం తీయగలదు. సంతలోనో, జైలు గోడల మధ్యనో దాన్ని వాడటం ప్రమాదం. నున్నటి బారెల్ నుంచి వచ్చే గుండుకు తిరుగుడు ఉండదు కాబట్టి అది దగ్గర దూరాలకే పనికొస్తుంది. రెండో కారణానికి మూలం 1857లో ఉంది. ఆ తిరుగుబాటు తర్వాత భారతీయ సిపాయిలకు ఇచ్చే తుపాకులను బ్రిటిష్ ప్రభుత్వం గాడులు లేకుండా ప్రత్యేకంగా చేయించింది. తమ సైనికుల చేతిలో ఉన్నదానికన్నా ఒక మెట్టు తక్కువ ఆయుధమే భారతీయుల చేతిలో ఉండాలన్నది ఆ విధానం. .410 మస్కెట్‌లో ఆ అనుమానం నీడ కనిపిస్తుంది.

ఆ అనుమానానికి ఆధారం లేకపోలేదు. 1922 ఆగస్టు 22 నుంచి మూడు రోజులు వరసగా అల్లూరి సీతారామరాజు దళం చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు ఠాణాల మీద దాడి చేసింది. తుపాకులతోపాటు తూటాలనూ పట్టుకెళ్లింది. మన్యంలో తూటాలు తయారుచేసే చోటు లేదు. పట్టుకెళ్లిన తుపాకీ ఎన్నాళ్లు పనిచేస్తుందన్నది పట్టుకెళ్లిన తూటాల లెక్కమీదనే ఆధారపడుతుంది. ఆ లెక్క దళానికీ తెలుసు, ప్రభుత్వానికీ తెలుసు.

7.6 .315: చట్టం పుట్టించిన క్యాలిబర్

మీ ఊళ్లో పంటను అడవిపందుల నుంచి కాపాడుకోవడానికో, ఆత్మరక్షణకో ఎవరికైనా రైఫిల్ లైసెన్సు ఉంటే అది బహుశా .315 అయి ఉంటుంది. ఇదీ ఇషాపూర్‌దే. యంత్రాంగం లీ-ఎన్‌ఫీల్డ్‌దే. తూటా మాత్రం 19వ శతాబ్దం చివర ఆస్ట్రియా సైన్యం వాడిన 8 మి.మీ. మాన్‌లిషర్ తూటాకు దగ్గరి చుట్టం. .315 అంగుళాలు అంటే సరిగ్గా 8 మి.మీ.

.303 కంటే ఇది మెరుగైనదని ఎవరూ దీన్ని ఎంచుకోలేదు. మన ఆయుధ చట్టం 1959 నాటిది. దాని కింది నియమాల్లో .303, 7.62 బోరు రైఫిళ్లు, ఆ సైనిక తూటాలను పేల్చగల మరే బోరు రైఫిళ్లైనా ‘నిషిద్ధ బోరు’ కిందికి వస్తాయి. .410 మస్కెట్‌కూ అక్కడ చోటుంది. సామాన్య లైసెన్సుతో వీటిని ఉంచుకోవడం కుదరదు. ‘పేల్చగల’ అన్న మాటను గమనించండి. తుపాకీ ఆకారాన్ని, శక్తిని చట్టం కొలవలేదు. ప్రభుత్వ గోదాముల్లోని తూటా అందులో ఇముడుతుందా లేదా అన్నదే కొలమానం చేసుకుంది. సైన్యం, పోలీసుల తూటా దొంగతనంగా బయటికి వస్తే దానికి బయట తుపాకీ దొరకకూడదు. ప్రైవేటు తుపాకీకి ప్రభుత్వ తూటా పనికిరాకూడదు. .315 బుల్లెట్ సైనిక బుల్లెట్ల కంటే సన్నదీ కాదు, హాని చేయనిదీ కాదు. చట్టం దాన్ని అనుమతించింది వేరే పెట్టెలోంచి వస్తుంది కాబట్టి.

ఇలాంటి ఆలోచన మనకే ప్రత్యేకం కాదు. ఆస్ట్రేలియాలోని న్యూ సౌత్ వేల్స్ రాష్ట్రం సైనిక క్యాలిబర్లను పౌరులకు పరిమితం చేసినప్పుడు అక్కడి వేటగాళ్లు .303 కేసు మెడను సన్నగా నొక్కి .25 అంగుళాల బుల్లెట్ బిగించుకున్నారు. పాత లీ-ఎన్‌ఫీల్డ్‌కు కొత్త బారెల్ వేసి వాడుకున్నారు.

ఎన్‌సీసీ విద్యార్థులు గురి నేర్చుకొనే .22 రైఫిల్‌ను ఈ పోలికలో చేర్చలేదు. అందులోనూ లీ-ఎన్‌ఫీల్డ్ పోలికలున్న రకాలున్నాయి. అయితే అది శిక్షణ కోసం వచ్చిన చిన్న తూటా. దాన్ని మిగతా నాలుగింటితో తూచడం సబబు కాదు.

7.7 తూటా వెళ్లిపోయినప్పుడు

సైన్యం వదిలేసిన తర్వాత .303 రైఫిల్ రాష్ట్రాల పోలీసుల దగ్గర దశాబ్దాలు ఉండిపోయింది. 2020 గణతంత్ర దినోత్సవ కవాతుతో ఉత్తరప్రదేశ్ పోలీసులు దానికి లాంఛనంగా వీడ్కోలు పలికారు. అప్పటికీ ఆ రైఫిళ్లలో చాలావాటి ఉక్కు గట్టిగానే ఉంది. రైఫిల్ ఆయుష్షు రెండు రకాలుగా తీరుతుంది. బారెల్ అరిగిపోవడం ఒకటి, తూటా తయారీ ఆగిపోవడం రెండోది. బారెల్ అరిగితే మార్చుకోవచ్చు. తూటా తయారీ ఆగితే మిగిలేది గోదాములోని పాత నిల్వే. కాలం గడిచేకొద్దీ ప్రైమర్, మందు చెడి, పిన్ను తగిలినా పేలని తూటాలు పెరుగుతాయి. ఎదురుగా స్వయంచాలక ఆయుధంతో నిలబడ్డవాడి ముందు పేలని తూటాను బోల్ట్ లాగి పారేయాల్సి వచ్చిన కానిస్టేబుల్‌కు 3130 జౌళ్ల లెక్క ఏ విధంగానూ అక్కరకు రాదు.

7.8 అభ్యాసాలు

1. 5.56×45 తూటాలోని బుల్లెట్ ద్రవ్యరాశి సుమారు 4 గ్రాములు, వేగం సుమారు 900 మీ/సె. దాని గతిశక్తిని, ద్రవ్యవేగాన్ని లెక్కగట్టండి. 7.62×51తో పోల్చితే శక్తి దాదాపు సగమే వస్తుంది. ఈ తూటా బరువు కూడా దాదాపు సగమే. రోజంతా నడిచే సైనికుడి వైపు నుంచి ఆలోచించి, భారత సైన్యం ఇన్‌సాస్ రైఫిల్‌తో ఈ తూటాకు మారడాన్ని చర్చించండి.

2. 1914లో బ్రిటన్ .276ను పక్కన పెట్టడాన్ని, 1960లలో భారతదేశం 2ఏ1ను తయారుచేయడాన్ని పోల్చండి. రెండు సందర్భాల్లోనూ సరఫరాయే కారణమైనప్పుడు, ఒక దేశం పాత తూటాతో ఉండిపోతే మరొక దేశం కొత్త తూటాకు ఎందుకు మారింది?

3. నిషిద్ధ బోరు నియమం తుపాకీ శక్తిని బట్టి ఉండి ఉంటే .315 రైఫిల్ స్థితి ఏమయ్యేది? 15 వాక్యాలకు మించకుండా రాయండి.